ఏజీపీ పోస్టు ఇప్పిస్తామంటున్నారు, తీసుకోవాలా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇది. విజయవాడ సివిల్ కోర్టుల్లో రెండేళ్లుగా జూనియర్‌గా ఉన్నారు. అక్కడ త్వరలో ఖాళీ అయ్యే అసిస్టెంట్ గవర్నమెంట్ ప్లీడరు (ఏజీపీ, అంటే సివిల్ కోర్టులో ప్రభుత్వం తరఫు వకీలు) పోస్టు మీకు ఇప్పిస్తానని నాన్నగారి స్నేహితుడైన ఒక నాయకుడు మాట ఇచ్చారు. ఇంట్లో అందరూ ప్రభుత్వ ఉద్యోగం వచ్చినట్టే సంబరపడుతున్నారు. మీ మనసు జూనియర్ సివిల్ జడ్జి పరీక్ష మీద ఉంది. మధ్యలో ఒక మిత్రురాలు ఏపీపీ (అసిస్టెంట్ పబ్లిక్ ప్రాసిక్యూటర్, అంటే క్రిమినల్ కోర్టులో ప్రభుత్వం తరఫు వకీలు) పరీక్ష రాయమంది. ఈ మూడింటిలో ఏ దారి పడితే ఏనాటికైనా హైకోర్టు బెంచి దాకా వెళ్లవచ్చు అన్నది మీ చివరి ప్రశ్న.

ముందు నా సంగతి చెబుతాను, నా మాటకు ఎంత తూకం వేసుకోవాలో మీకే తెలుస్తుంది. నేను 1991లో గుంటూరులో నల్లకోటు వేసుకున్నాను. బ్రాడీపేటలో మా సీనియర్ గారి ఇంటి ముందు గదే మా ఆఫీసు. జిల్లా కోర్టులో ఒక విడత ఏజీపీగా, ఆ తరువాత హైదరాబాదులో హైకోర్టులో మరో విడత ప్రభుత్వ న్యాయవాదిగా పనిచేశాను. జిల్లా జడ్జి పరీక్ష రెండుసార్లు రాశాను. మొదటిసారి రాతపరీక్షలోనే పోయింది, రెండోసారి ఇంటర్వ్యూ దాకా వెళ్లి ఇంటికి వచ్చాను. ఇప్పుడు మన హైకోర్టు ఉన్న నేలపాడులో సొంత ప్రాక్టీసు. అంటే జడ్జి కావడం ఎలాగో మీరు జడ్జి కాలేకపోయినవాణ్ణి అడిగారు. కాకపోతే ఆ మెట్ల మీద కాలు ఎక్కడెక్కడ జారుతుందో నాకు బాగా తెలుసు.

నాన్నగారికి ఈ రాత్రే చెప్పవలసిన మాట ఒకటుంది. ఏజీపీ అనేది ప్రభుత్వ ఉద్యోగం కాదు. ఒక కక్షిదారు తనకొక వకీలును పెట్టుకోవడం, అంతే. ఆ కక్షిదారు ప్రభుత్వం కావడం ఒక్కటే విశేషం. మన రాష్ట్రంలో లా ఆఫీసర్ల నియామకాలకు ఆధారం 2000లో ఇచ్చిన నిబంధనలు. వాటి ప్రకారం నియామకం మామూలుగా మూడేళ్లకు. ఈలోపే నెల నోటీసుతో ముగించే అధికారం ప్రభుత్వానికి ఉంది. పింఛను లేదు, ప్రమోషను లేదు, సర్వీసు రిజిస్టరు లేదు. నెలకు ఇంత అని గౌరవ వేతనం ఉంటుంది. దానికీ బిల్లు పెట్టుకుని ట్రెజరీ చుట్టూ మనమే తిరగాలి. నా చివరి ఆరు నెలల బిల్లు నేను కుర్చీ దిగిన ఏడాదిన్నరకు వచ్చింది. అప్పటికి దాన్ని మరిచిపోయి హాయిగా ఉన్నాను కూడా.

ప్రభుత్వం మారితే ఏమవుతుందని అడిగారు. 2019లో ప్రభుత్వం మారింది, అడ్వకేట్ జనరల్ మారారు. 2024లో ప్రభుత్వం మారింది, మళ్లీ మారారు. రాజ్యాంగం 165వ అధికరణం ప్రకారం గవర్నరు గారు నియమించే పదవి అది. హైకోర్టు జడ్జి కావడానికి అర్హత ఉన్నవారే అందులో కూర్చోవాలి. 177వ అధికరణం ప్రకారం శాసనసభలోకి వెళ్లి మాట్లాడే హక్కు కూడా ఆయనకు ఉంది, ఓటు మాత్రం ఉండదు. అంతటి పదవే గవర్నరు గారి ఇష్టం ఉన్నంతకాలం నిలుస్తుంది. పెద్దచెట్టు కదిలినప్పుడు కొమ్మలు కదలకుండా ఉంటాయా? జీపీలు (గవర్నమెంట్ ప్లీడర్లు), ఏజీపీలు ఆ కొమ్మలే. ఈ విషయంలో సుప్రీంకోర్టు తీర్పులు రెండు వైపులా ఉన్నాయి. ఉత్తరప్రదేశ్‌లో జిల్లా ప్రభుత్వ న్యాయవాదులందరినీ ఒకే ఉత్తర్వుతో తీసేస్తే, కారణం లేకుండా మూకుమ్మడిగా తీసేయడం ఏకపక్షమని 1990లో శ్రీలేఖా విద్యార్థి కేసులో ఆ ఉత్తర్వును కొట్టేసింది. పదవీకాలం పొడిగించమని అడిగే హక్కు మాత్రం న్యాయవాదికి లేదని 2004లో జోహ్రీ మల్ కేసులో చెప్పింది. ప్రభుత్వ న్యాయవాదుల ఎంపిక పారదర్శకంగా జరగాలని 2016లో పంజాబు కేసులో గట్టిగానే అన్నది. చదువుకోవడానికి మూడూ మంచి తీర్పులు. మీ కుర్చీని కాపాడుకోవడానికి వాటిని నమ్ముకోవద్దు.

ఇంతా చెప్పి ఏజీపీ పోస్టు వద్దంటున్నానని అనుకోకండి. నాకు వకాలతు నేర్పింది సగం మా సీనియర్ గారైతే సగం ఆ మూడేళ్లే.

ప్రైవేటు వకీలు ఎన్నేళ్లు పనిచేసినా చూడలేని వస్తువు ఒకటుంది, అది ప్రభుత్వ కార్యాలయంలోని నోట్ ఫైలు. బయటికి వచ్చే ఉత్తర్వు ఒక పేజీ ఉంటుంది. దాని వెనక జూనియర్ అసిస్టెంటు మొదలుపెట్టిన నోటు, సూపరింటెండెంటు సందేహం, తహసీల్దారు 'చర్చించండి' అని రాసిన ముక్క, ఆ చర్చ జరిగిందో లేదో తెలియకుండానే పడిన సంతకం, అన్నీ వరసగా ఉంటాయి. ఒక నిర్ణయం ఎలా పుడుతుందో, ఎక్కడ తప్పుతుందో అక్కడ కనిపిస్తుంది. అడంగల్, 1బి, ఆర్.ఎస్.ఆర్., ఎఫ్.ఎం.బి. అనే నాలుగు భూమి రికార్డులనూ ఒక బల్ల మీద పరిచి ఒకదాన్ని ఒకటి ఎలా కాదంటున్నాయో చూడటం నేను ఏజీపీగానే నేర్చుకున్నాను. ఇవాళ 22-ఎ నిషేధిత జాబితాలో (రిజిస్ట్రేషన్ చేయకూడని భూముల జాబితా) పడిన భూమి మీదో, చుక్కల భూమి (పాత రికార్డులో యజమాని పేరు చోట చుక్కలున్న భూమి) మీదో ఒక రైతు నా దగ్గరికి వస్తే, ఆ ఫైలులో లోపల ఏ కాగితం ఉండకపోతే ఈ ఉత్తర్వు నిలవదో నేను ఊహించగలను. ఆ ఊహ పుస్తకాల్లో దొరకదు.

అయితే జీపీ అంటే వాగ్ధాటి అని అనుకుంటారు చాలామంది. కానే కాదు. రిమార్కులు తెప్పించుకోవడమే జీపీ విద్య. దావా కాపీ మన దగ్గరికి వస్తుంది. మనం సంబంధిత ఆఫీసుకు పంపి, పేరాల వారీగా రిమార్కులు పంపమంటాం. అవి వస్తేనే కౌంటరు, అంటే కోర్టుకు ప్రభుత్వం ఇచ్చే జవాబు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 80వ సెక్షను కింద దావా వేసేముందు ప్రభుత్వానికి రెండు నెలల నోటీసు ఇవ్వాలి కదా, ఆ రెండు నెలలూ ఆలోచించుకోవడానికే కదా అని కాలేజీలో చెప్పారు. ఆ నోటీసు తపాలు సెక్షనులో ఒక రబ్బరు ముద్ర వేయించుకుని విశ్రాంతి తీసుకుంటుందని మాత్రం చెప్పలేదు.

ఒక సంగతి చెబుతాను, ఊరు పేరు అడగవద్దు. పాత 1894 భూసేకరణ చట్టం కింద ఒక కాలువ కోసం భూములు తీసుకున్నారు. పరిహారం చాలదని, దాన్ని కోర్టుకు పంపమని రైతులు 18వ సెక్షను రిఫరెన్సు అడిగితే కోర్టు పరిహారం పెంచింది. అప్పీలు వేయాలా వద్దా అని నేను ఆఫీసుకు రాసిన లేఖకు జవాబు లేదు. రెండోది రాశాను, లేదు. గడువు దాటింది. రైతులు ఈ.పీ. (డిక్రీ అమలు చేయించమనే పిటిషను) వేశారు. సెక్షను 82 ప్రకారం ప్రభుత్వం మీద డిక్రీని వెంటనే అమలు చేయకూడదు, మూడు నెలలు ఆగాలి. ఆ మూడు నెలలూ గడిచాయి. ఒక ఉదయం కోర్టు అమీనా ఆ ఆఫీసుకు వెళ్లి జీపునూ, పన్నెండు కుర్చీలనూ, ఒక బీరువానూ జప్తు చేశాడు. పదిన్నరకు నాకు ఫోను. "ప్లీడరు గారూ, ఏమిటండీ ఇది, మా జీపు తీసుకుపోతున్నారు!" నేను కారియర్ మీద పాత లేఖల నకళ్లు పెట్టుకుని సైకిలు మీద వెళ్లాను. ఆ అధికారి నన్ను తిట్టడం మొదలుపెట్టాడు. నకళ్లు బల్ల మీద పెట్టాను. ఇన్‌వర్డు రిజిస్టరు తెప్పించమన్నాను. రెండు లేఖలూ అందులో ఉన్నాయి, ముద్రలతో సహా. ఆయన కూర్చోవడానికి కుర్చీ వెతుక్కున్నాడు, అవి అప్పటికే లారీ ఎక్కాయి.

ఆ రోజు నన్ను కాపాడింది నా తెలివి కాదు, ప్రతి లేఖకూ నకలు పెట్టమని పట్టుబట్టిన మా గుమాస్తా గారి అలవాటు. అందుకని మీరు ఏజీపీ తీసుకుంటే ముందు మంచి గుమాస్తాను చూసుకోండి, తరువాత కొత్త కోటు కుట్టించుకోండి.

ఇంకొకటి నేర్చుకోవాలి, కాదని చెప్పడం. అధికారి గారు వచ్చి, నోటీసు ఇవ్వకుండానే కూల్చేశాం, ఇచ్చామని కౌంటరులో రాయండి అంటారు. అంత సూటిగా అనరు, "ఇచ్చినట్టే అనుకోండి" అంటారు. అనుకోకూడదు. అఫిడవిట్ మీద సంతకం ఆయనదే, నిజమే. దాన్ని తయారు చేసిన మనిషిగా జడ్జి గారు గుర్తుపెట్టుకునేది మాత్రం మిమ్మల్ని. అలాగే అప్పీలుకు పనికిరాని కేసును పనికిరాదని రాసి ఇవ్వాలి. ప్రభుత్వ న్యాయవాదికి గెలుపు ఓటములకన్నా ముందు కోర్టు నమ్మకం ఉండాలి. 'ఈ అమ్మాయి రికార్డులో ఉన్నదే చెబుతుంది' అని బెంచి మీద ఒక అభిప్రాయం పడితే, మీ నోటి మాట మీద ఒక వాయిదా దొరుకుతుంది. అది పోతే పది పేజీల మెమో ఇచ్చినా దొరకదు.

మరి తీసుకోవాలా? ఇప్పుడే వద్దు, నా సలహా. మీకు రెండేళ్ల అనుభవం. ఏజీపీగా మీ ఎదుట నిలబడేవాళ్లు పాతికేళ్ల అనుభవం ఉన్నవాళ్లు. క్రాస్ ఎగ్జామినేషన్ చేతికి రాకముందే ప్రభుత్వ కట్టలు నెత్తికెత్తుకుంటే, ఓడిన కేసుల్లోంచి మీరు ఏమీ నేర్చుకోలేరు, ఎందుకు ఓడారో కూడా తెలియదు కనుక. ఇంకో ఇబ్బంది, నాయకుడి మాట మీద వచ్చిన కుర్చీలో ఆ నాయకుడి అనుచరుడి ఆక్రమణ కేసు ఎదురైతే మీరేం చేస్తారు? నేను ఊహించి చెప్పడం లేదు. నాకు ఎదురైంది. రెండో విడత నా పదవి ముగియడానికి ఆ కేసుకూ సంబంధం ఉందని నాకు అనుమానం, రుజువు లేదు గనుక వదిలేస్తున్నాను. ఏడెనిమిదేళ్ల ప్రాక్టీసు తరువాత, మీ సొంత కక్షిదారులు మిమ్మల్ని వెతుక్కుంటూ వస్తున్న రోజుల్లో తీసుకోండి. అప్పుడు తీసేసినా మీ ఆఫీసు దీపం ఆరిపోదు. ప్రభుత్వానికి వ్యతిరేకంగా తప్ప మిగతా ప్రైవేటు కేసులు ఏజీపీగా ఉంటూనే చేసుకోవచ్చు. ఆ మిగతా కేసులను చంపుకోకండి. పదవి పోయాక బార్ గదిలో ఒంటరిగా కూర్చుని పేపరు చదివే మాజీలను చాలామందిని చూశాను.

ఏపీపీ సంగతి వేరు. అది నిజమైన ఉద్యోగం. నాన్నగారు సంబరపడదలిస్తే దీనికి పడవచ్చు. రాష్ట్ర స్థాయి పోలీసు నియామక మండలి పరీక్ష పెడుతుంది, క్రిమినల్ కోర్టుల్లో మూడేళ్ల ప్రాక్టీసు అడుగుతారు. ప్రాసిక్యూషన్ సర్వీసులో మేజిస్ట్రేటు కోర్టులో మొదలై సీనియర్ ఏపీపీ, అదనపు పీపీ అంటూ మెట్లు ఉంటాయి. సెషన్స్ కోర్టుల్లో మీరు చూసే పీపీలందరూ ఈ సర్వీసువాళ్లు కారు. ఏడేళ్ల అనుభవమున్న న్యాయవాదులతో కలెక్టరు, సెషన్స్ జడ్జి గారిని సంప్రదించి ప్యానెల్ తయారుచేసి, అందులోంచి ప్రభుత్వం నియమించే పద్ధతి ఒకటుంది. వారిది మళ్లీ గడువు పదవే. 2024 జూలై 1 నుంచి ఇవన్నీ భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 18, 19 సెక్షన్లలో ఉన్నాయి. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో 24, 25 అని మా వయసువాళ్ల నోట ఇంకా వస్తుంది, సర్దుకోండి.

ఏపీపీకి రోజూ వచ్చే పరీక్ష పోలీసు స్టేషను నుంచి వస్తుంది. మీరు పోలీసుల వకీలు కారు. చార్జిషీటులో సాక్షి చెప్పనిది చెప్పించడం మీ పని కాదు. అసలు కష్టం ప్రభుత్వం మారినప్పుడు వస్తుంది. పాత ప్రభుత్వంలో పెట్టిన కేసులు ఉపసంహరించమని జీవో వస్తుంది. ఆ ఉపసంహరణ పిటిషను వేయవలసింది ప్రభుత్వం కాదు, ప్రాసిక్యూటరు. తన బుద్ధితో ఆలోచించి వేయాలని చట్టం. పాత 321, ఇప్పటి 360వ సెక్షను అది. ఎంపీలు, ఎమ్మెల్యేల మీది కేసులైతే హైకోర్టు అనుమతి లేకుండా ఉపసంహరించకూడదని 2021 ఆగస్టులో సుప్రీంకోర్టు ఆదేశించింది. ఈ ఆదేశం వచ్చిన రోజు నా స్నేహితుడైన ఒక పీపీ ఫోన్ చేసి, ఇప్పుడు నేను కాదనక్కర్లేదు, హైకోర్టే అంటుంది అని నవ్వాడు.

ఏపీపీగా చేరితే జడ్జి దారి మూసుకుపోతుందేమోనన్న మీ భయం అక్కర్లేదు. ప్రాసిక్యూటరుగా కోర్టులో వాదించినవారు కూడా జిల్లా జడ్జిల నియామకానికి సంబంధించిన 233వ అధికరణం దృష్టిలో అడ్వకేట్లేనని 2013లో దీపక్ అగర్వాల్ కేసులో తేలిపోయింది.

ఇక మీ మనసున్న జూనియర్ సివిల్ జడ్జి. 1990లలో మూడేళ్ల ప్రాక్టీసు షరతు ఉండేది, 2002లో సుప్రీంకోర్టే దాన్ని తీసేసింది. అప్పటినుంచి కాలేజీ నుంచి నేరుగా పరీక్ష రాసి, ఇరవై నాలుగేళ్లకే బెంచి ఎక్కినవారున్నారు. 2025 మే 20న ఆల్ ఇండియా జడ్జెస్ అసోసియేషన్ కేసులో మళ్లీ మూడేళ్లు తప్పనిసరి చేశారు. ఈ తీర్పు సరైనదేనని నా అభిప్రాయం, మీ తరానికి నచ్చకపోవచ్చు. కోర్టు హాలులో కింద నిలబడి వాయిదా కోసం బతిమాలని మనిషి పైన కూర్చుంటే, వాయిదా అడిగే ప్రతి వకీలూ అబద్ధాలకోరులా కనిపిస్తాడు. మా రోజుల్లో ఒక కుర్ర మున్సిఫు మేజిస్ట్రేటు (ఇప్పటి జూనియర్ సివిల్ జడ్జి) గారు ఉండేవారు. బస్సు ఆలస్యమై సాక్షి రాలేదంటే నమ్మేవారు కాదు. పొన్నూరు నుంచి గుంటూరుకు వర్షంలో బస్సు ఎక్కితే తెలిసేది.

ఈ మూడేళ్లు ప్రొవిజనల్ ఎన్‌రోల్‌మెంటు తేదీ నుంచి లెక్క, బార్ పరీక్ష పాసైన తేదీ నుంచి కాదు. జడ్జిల దగ్గర లా క్లర్కుగా చేసిన కాలమూ కలుస్తుంది. ప్రాక్టీసు చేశారని పదేళ్ల అనుభవమున్న న్యాయవాది ధ్రువపత్రం ఇవ్వాలి, దాన్ని మీ కోర్టు ప్రధాన న్యాయాధికారి ధ్రువీకరించాలి. అంటే మీకు ఇంకో ఏడాది. ఆ ఏడాదిని వృథా అనుకోకండి.

పరీక్షలో మొదట వడపోత, ఆ తరువాత సివిల్, క్రిమినల్ చట్టాల పేపర్లు, వాటితోపాటు వ్యాసమూ అనువాదమూ ఉండే ఇంగ్లీషు పేపరు, చివర ఇంటర్వ్యూ. మన పిల్లలు ఎక్కువగా దెబ్బతినేది చట్టంలో కాదు, అనువాదంలో. ఇంగ్లీషు మీడియం చదువుతో వచ్చినవారికి తెలుగు దస్తావేజు భాష కొరుకుడు పడదు. 'దఖలుపరచి', 'హద్దుల మధ్యగల', 'యావత్తు సర్వహక్కులతో' అనే మాటలు చూసి కళ్లు తేలేస్తారు. దానికి మందు విజయవాడలోనే ఉంది. మీ సీనియర్ గారి బీరువాలోని పాత క్రయదస్తావేజులు రోజుకొకటి తీసి ఇంగ్లీషులోకి తిప్పండి, మరునాడు దాన్ని చూసి తెలుగులోకి తిప్పండి. సాక్షి వాంగ్మూలం తెలుగులో విని, ఇంగ్లీషులో అప్పటికప్పుడు టైపిస్టుకు చెప్పవలసిన ఉద్యోగం అది. పరీక్ష కోసం కాకపోయినా ఉద్యోగం కోసమైనా ఈ సాధన కావాలి.

జీతం గురించి అడగడానికి మొహమాటపడ్డారు, అక్కర్లేదు. రెండో జాతీయ న్యాయ వేతన సంఘం సిఫార్సుల ప్రకారం జూనియర్ డివిజన్ సివిల్ జడ్జి మూల వేతనం 77,840 రూపాయల దగ్గర, జిల్లా జడ్జిది 1,44,840 రూపాయల దగ్గర మొదలవుతుంది. ఇరవై ఏడేళ్ల వయసులో విజయవాడలో ఏ జూనియర్‌కూ అంత రాదు. దాని ధర మాత్రం ముందే తెలుసుకోండి. సొంత ఊరి దగ్గర ఉండలేరు. బదిలీలు తప్పవు. సూర్యారావుపేటలో స్నేహితులతో కలిసి కాఫీ తాగడం కూడా ఆలోచించి చేయాలి, ఎందుకంటే పక్క బల్ల మీద రేపటి కేసు కక్షిదారు కూర్చుని ఉండవచ్చు. పెళ్లిళ్లకు వెళ్లి భోజనం చేయకుండా వచ్చే న్యాయాధికారులు నాకు తెలుసు. ఇది మనసుకు పట్టనివారు రెండేళ్లలో చిరాకు మనుషులవుతారు, ఆ చిరాకు కక్షిదారుల మీద పడుతుంది.

సచివాలయంలోని న్యాయశాఖ గురించి ఒక్క మాట. న్యాయశాఖ కార్యదర్శి కుర్చీలో సాధారణంగా జిల్లా జడ్జి స్థాయి అధికారి డిప్యుటేషన్ మీద కూర్చుంటారు. బిల్లు ముసాయిదాలు, జీవోల మీద న్యాయాభిప్రాయాలు అక్కడ తయారవుతాయి. రాయడం ఇష్టమున్న న్యాయాధికారులకు అది మంచి చోటు. ప్రభుత్వమూ న్యాయవ్యవస్థా రెండూ ఒకే మనిషికి తెలిసే చోటు కూడా అదే.

జిల్లా జడ్జిగా నేరుగా నియామకం ఇప్పుడు మీకు దూరమే అయినా ఒక ముఖ్యమైన మార్పు తెలిసి ఉండాలి. జిల్లా జడ్జి పోస్టుల్లో నాలుగో వంతు బార్ నుంచి, అంటే న్యాయవాదుల్లోంచి నేరుగా నింపుతారు, ఏడేళ్ల ప్రాక్టీసు కావాలి. జూనియర్ జడ్జిగా చేరినవారు ఈ కోటాకు దరఖాస్తు చేయకూడదని 2020లో ధీరజ్ మోర్ తీర్పు చెప్పింది. అందుకే చాలామంది చురుకైన పిల్లలు చిన్న జడ్జి పోస్టు వదులుకుని, ఏడేళ్లు ఆగి, పెద్దదానికి గురిపెట్టేవారు. వాళ్లలో సగం మంది గురి తప్పి, వయసు దాటి నా దగ్గరికి సలహా కోసం వచ్చారు. 2025 అక్టోబరు 9న రాజ్యాంగ ధర్మాసనం ఆ తీర్పును తిరగరాసింది. న్యాయవాదిగా, న్యాయాధికారిగా కలిపి ఏడేళ్లు నిండి, 35 ఏళ్ల వయసు వస్తే మీరు సర్వీసులో ఉంటూనే ఆ పోటీకి వెళ్లవచ్చు. ఇది నా రోజుల్లో లేదు. ఉంటే నేనూ ముప్పైకి ముందే మున్సిఫు పరీక్ష రాసేవాణ్ణి. మీరు జూనియర్ సివిల్ జడ్జి పరీక్ష రాయాలని నేను ఇంత గట్టిగా అనడానికి పెద్ద కారణం ఈ తీర్పే.

చివరి ప్రశ్న, హైకోర్టు బెంచి. 217వ అధికరణం ప్రకారం పదేళ్లు హైకోర్టు న్యాయవాదిగానో, పదేళ్లు న్యాయాధికారిగానో ఉండాలి. హైకోర్టు ప్రధాన న్యాయమూర్తి, మరిద్దరు సీనియర్ న్యాయమూర్తులు పేరు పంపుతారు, రాష్ట్ర ప్రభుత్వం అభిప్రాయం చెబుతుంది, కేంద్రం విచారణ చేయిస్తుంది, సుప్రీంకోర్టు కొలీజియం (అక్కడి సీనియర్ న్యాయమూర్తుల బృందం) తేలుస్తుంది. ఎవరూ దరఖాస్తు పెట్టుకునే పదవి కాదు, పెట్టుకున్నట్టు కనిపిస్తే పోయే పదవి. మంజూరైన న్యాయమూర్తుల సంఖ్య మన హైకోర్టుకు 37. బార్ నుంచి ఎక్కువ, జిల్లా జడ్జీల నుంచి మూడో వంతు అన్నది ఆనవాయితీ.

ఏ దారి అంటే, అన్ని దారులూ వెళ్లాయి. కృష్ణా జిల్లాలో పుట్టిన జాస్తి చలమేశ్వర్ గారు 1995లో అదనపు అడ్వకేట్ జనరల్, 1997లో హైకోర్టు జడ్జి, 2011లో సుప్రీంకోర్టు. అదే జిల్లా పొన్నవరంలో పుట్టిన ఎన్.వి. రమణ గారు నాగార్జున విశ్వవిద్యాలయంలో లా చదివి 1983లో ఎన్‌రోల్ అయ్యారు. ఆయనా అదనపు అడ్వకేట్ జనరల్‌గా పనిచేసి 2000లో హైకోర్టు జడ్జి అయ్యారు, 2021లో భారత ప్రధాన న్యాయమూర్తి అయ్యారు. మీరు రోజూ మెట్లెక్కే విజయవాడ కొత్త కోర్టు భవనాన్ని 2022 ఆగస్టులో ప్రారంభించింది ఆయనే. ఎల్. నాగేశ్వరరావు గారు వకాలతు మొదలుపెట్టింది మా గుంటూరు జిల్లా కోర్టులో. ఆయన హైకోర్టు జడ్జి కాకుండానే 2016లో బార్ నుంచి నేరుగా సుప్రీంకోర్టు జడ్జి అయ్యారు. ఇక కోకా సుబ్బారావు గారి కథ మరీ విచిత్రం. కొద్దికాలం బాపట్లలో జిల్లా మున్సిఫుగా కూర్చుని, మళ్లీ మద్రాసులో వకాలతుకు వెళ్లి, 1948లో అక్కడి హైకోర్టు జడ్జి అయ్యారు. 1954లో ఆంధ్ర రాష్ట్ర హైకోర్టు గుంటూరులో పెట్టినప్పుడు దానికి మొదటి ప్రధాన న్యాయమూర్తి ఆయనే. 1956లో అది హైదరాబాదుకు తరలిపోయింది. 1966లో ఆయన దేశానికే ప్రధాన న్యాయమూర్తి అయ్యారు. మా సీనియర్ గారి సీనియరు ఆయన ముందు వాదించారట, ఆ ముచ్చట మాకు ప్రతి ఉగాదికీ వినిపించేవారు.

ఈ పేర్లు చూసి అదనపు అడ్వకేట్ జనరల్ కుర్చీ జడ్జి కుర్చీకి మెట్టు అని లెక్క కట్టకండి. ఆ కుర్చీ వల్ల జరిగేది ఒకటే. రోజూ పది బెంచీల ముందు నిలబడతారు, మీరు ఎలాంటివారో జడ్జిలందరికీ తెలిసిపోతుంది. అది మంచికీ జరుగుతుంది, చెడ్డకీ జరుగుతుంది. నాతోపాటు హైకోర్టులో ప్రభుత్వ న్యాయవాదిగా ఉన్న ఒకాయన అద్భుతంగా వాదించేవాడు, రికార్డు మాత్రం చదివేవాడు కాదు. బెంచి మారిన ప్రతిసారీ అదే కొత్త కేసులా మొదలుపెట్టేవాడు. ఆయన పేరు ఎప్పుడూ ఎక్కడికీ వెళ్లలేదు.

హైకోర్టు మన దగ్గరికి వచ్చిన తీరు గుర్తుంటే ఈ వృత్తిలో స్థిరత్వం గురించి కూడా తెలుస్తుంది. 2018 డిసెంబరు 26న నోటిఫికేషన్, 2019 జనవరి 1న విజయవాడలో కోర్టు మొదలు. ఆరు రోజులు. హైదరాబాదులో ఇల్లు, పిల్లల చదువు, ఆఫీసు అన్నీ ఉన్నవాళ్లం, ముఖ్యమంత్రి క్యాంపు కార్యాలయం గదుల్లో హైకోర్టు నడుస్తుంటే కట్టలు చంకన పెట్టుకుని వరండాల్లో నిలబడ్డాం. మార్చిలో నేలపాడుకు వెళ్లాం. ఆ కుదుపులో తట్టుకున్నది సొంత కక్షిదారులున్నవాళ్లు. పదవినే నమ్ముకున్నవాళ్లు హైదరాబాదులోనే ఉండిపోయారు.

ఇప్పుడు చేయవలసిన పని ఒకటి చెప్పి ఆపుతాను. ఒక డైరీ కొనండి. మీరు ఎన్‌రోల్ అయిన రోజునుంచి మీ పేరుతో ఉన్న ప్రతి వకాల్తా, కేసు నంబరు, కోర్టు, మీరు స్వయంగా చేసిన చీఫ్ (మన సాక్షి విచారణ), క్రాస్ (ఎదుటి సాక్షి విచారణ), వాదన తేదీలతో రాయండి. పాతవి మీ సీనియర్ గారి గుమాస్తాను బతిమాలి కేసు కట్టల్లోంచి తీయించండి. వచ్చే ఏడాది ధ్రువపత్రం అడగడానికి వెళ్లినప్పుడు ఈ డైరీయే చూపించాలి. సీనియర్ గారి వకాల్తాలో మీ పేరు లేకుండా ఎన్ని కేసులు చేస్తున్నారో కూడా అప్పుడే బయటపడుతుంది. అవి సగానికి మించి ఉంటే, రేపు ఉదయం కోర్టుకు వెళ్లేముందు ఆయన్ను అడగండి, మీ పేరు చేర్చమని. ఆయన ఏమన్నారో ఇక్కడ రాయండి.